ధర మోసే కబురు, ధరకు వినిపించని గొంతు

1975 జూలైలో బ్రెజిల్‌లోని పరానా రాష్ట్రంలో ఒకటి రెండు రాత్రులు పేరుకున్న మంచు అక్కడి కాఫీ తోటల్లో చాలా భాగాన్ని మాడ్చివేసింది. ప్రపంచంలో అందరికంటే ఎక్కువ కాఫీ పండించే దేశం అదే కనుక, రెండేళ్ళు తిరిగేసరికి అంతర్జాతీయ మార్కెట్‌లో కాఫీ గింజల ధర ఎన్నో రెట్లు పెరిగింది. ఈ దేశంవాళ్ళు ఇంత తగ్గించి తాగాలని గానీ, ఆ దేశంవాళ్ళు ఇన్ని ఎకరాలు కొత్తగా నాటాలని గానీ ఎవరూ ఆజ్ఞలు జారీ చేయలేదు. అయినా తాగేవారు తగ్గించుకున్నారు. కొలంబియా వంటి చోట్ల రైతులు కాఫీ సాగును పెంచారు. పరానా అనే ఊసు కూడా ఎన్నడూ విని ఉండని లక్షల మంది, అక్కడి మంచు సంగతి పూర్తిగా తెలిసినవారు ఏం చేయాలో సరిగ్గా అదే చేశారు. వారికి ఆ కబురు చేరవేసింది ధర ఒక్కటే.

స్వేచ్ఛా మార్కెట్ పట్ల నాకున్న గౌరవానికి మూలం ఇది. పోటీ వల్ల సరుకు చౌక అవుతుందన్న మాట నిజమే కానీ, అంతకన్నా లోతైన మేలు మరొకటి ఉంది. ఒక సమాజంలో ఎవరికి ఏది అవసరం, ఎవరు దేన్ని ఎంత ఖర్చుతో తయారుచేయగలరు అన్న సమాచారం కోట్ల మంది దగ్గర ముక్కలుగా చెదిరి ఉంటుందనీ, దాన్నంతా ఒకచోట పోగుచేయడం ఎంత తెలివైన అధికారులకైనా సాధ్యం కాదనీ ఆర్థికవేత్త ఫ్రెడరిక్ హయెక్ 1945లో వాదించారు. సోవియట్ ప్రణాళికా సంఘం దశాబ్దాల పాటు సరిగ్గా ఆ పనికే పూనుకుంది. కర్మాగారానికి లక్ష్యాన్ని టన్నుల్లో నిర్ణయిస్తే సరుకు అక్కరలేని బరువు పెరిగేది. ఆ సరుకు నాకు వద్దు అని చెప్పే అవకాశం తీసుకునేవారికి ఉండేది కాదు. 1978 చివర్లో చైనాలోని అన్‌హుయి ప్రాంతంలో షావ్‌గాంగ్ అనే పల్లెకు చెందిన 18 కుటుంబాలు కమ్యూన్ భూమిని, అంటే ఉమ్మడిగా సాగు చేయవలసిన భూమిని, రహస్యంగా పంచుకున్నాయి. ప్రభుత్వానికి ఇవ్వవలసిన కోటా ఇచ్చి మిగిలిన ధాన్యాన్ని ఎవరి పంట వారే ఉంచుకోవాలన్నది వారి ఒప్పందం. అదే భూమిలో, అవే చేతులతో, మరుసటి ఏడు పంట ఎన్నో రెట్లయింది. పట్టుబడితే శిక్ష తప్పదని తెలిసే వారు ఆ సాహసం చేశారన్న సంగతిని, మార్కెట్ అనగానే దోపిడీ అనేవారు ఒకసారి తలచుకోవాలని నా కోరిక.

అయితే ఇంతవరకు ఒప్పుకున్నవారిలో చాలామంది ఇక్కడి నుంచి ఒక్క అంగలో మరో నిర్ణయానికి చేరిపోతారు. ప్రభుత్వం తప్పుకుంటే చాలు, మార్కెట్ తనంతట తానే మొలకెత్తుతుందన్నది ఆ నిర్ణయం. చరిత్ర దీన్ని రెండుసార్లు ఇంచుమించు ఒకే రకంగా పరీక్షించింది. 1948 జూన్‌లో పశ్చిమ జర్మనీ ప్రాంతాల్లో కొత్త మార్కు చెలామణిలోకి రాగానే అక్కడి ఆర్థిక వ్యవహారాలు చూస్తున్న లుడ్‌విగ్ ఎర్‌హార్డ్ చాలా సరుకుల మీద ధరల నియంత్రణ ఎత్తివేశారు. అప్పటిదాకా కనిపించని వస్తువులు మరునాటికే దుకాణాల్లో ప్రత్యక్షమయ్యాయి. 1992 జనవరి 2న రష్యాలో ఆర్థిక వ్యవహారాలు చూస్తున్న యెగోర్ గైదార్ కూడా ధరల మీద నియంత్రణ వదిలివేశారు. ఆ ఏడాది అక్కడ ధరలు 20 రెట్లకు పైగా పెరిగి, జనం జీవితకాలమంతా దాచుకున్న డబ్బు ఆవిరైపోయింది.

రెండు దేశాల పరిస్థితులూ ఒకటి కావు; జర్మనీకి మార్కెట్ అలవాటు పూర్తిగా పోలేదు, బయటి సహాయమూ అందింది. అయినా తేడాలో ఎక్కువ భాగం చట్టాలలోనూ సంస్థలలోనూ ఉందని నేను నమ్ముతున్నాను. ఎర్‌హార్డ్ నియంత్రణలు ఎత్తివేసేసరికే జనానికి నమ్మదగిన కరెన్సీ వచ్చింది. ముఖ్యమైన ఆహార పదార్థాలు, బొగ్గు, ఉక్కు, ఇళ్ళ అద్దెల మీద నియంత్రణలు వెంటనే పోలేదు. ధరలు పెరిగి 1948 నవంబరులో కార్మికులు సార్వత్రిక సమ్మె చేసినా సంస్కరణ నిలబడింది. 1957లో వ్యాపారులు కూడబలుక్కుని పోటీని చంపకుండా అడ్డుకునే చట్టం కూడా వచ్చింది. రష్యాలో చాలా సరుకులను ఒకటి రెండు భారీ కర్మాగారాలే తయారుచేసేవి కనుక, ధర పెరిగినా పోటీకి వచ్చే మరో తయారీదారు లేడు. 1995లో ప్రభుత్వానికి అప్పులిచ్చిన కొద్దిమంది బ్యాంకర్ల చేతుల్లోకి చమురు, లోహ సంస్థలు కారుచౌకగా వెళ్ళిపోయాయి. దాన్ని స్వేచ్ఛా మార్కెట్ అని పిలవడం ఆ మాటకే అవమానం.

చట్టాలన్నీ సక్రమంగా ఉన్నచోట కూడా ధరకు పుట్టుకతోనే ఒక చెవుడు ఉంది. ఆఫ్రికాలో త్సెత్సె ఈగ కాటు వల్ల వచ్చే నిద్రజబ్బు ముదిరితే మెదడుకు ఎక్కుతుంది. ఆ దశలో చాలాకాలం వాడిన మెలార్సొప్రాల్ అనే మందు ఆర్సెనిక్ నుంచి చేసినది; రోగుల్లో దాదాపు 5 శాతం మంది ఆ మందు వల్లనే చనిపోయేవారు. 1990లో దానికి బదులుగా ఎఫ్లోర్నితిన్ అనే ఎంతో మెరుగైన మందుకు ఆమోదం లభించింది. స్పృహ తప్పిన రోగులను లేపి కూర్చోబెట్టే మందుగా దానికి పేరు వచ్చింది. కానీ జబ్బుపడినవారు నిరుపేదలు, లాభం లేదు కనుక 1990ల మధ్యలో ఉత్పత్తి ఆగిపోయింది. ఆ తరువాత అదే పదార్థం స్త్రీల ముఖం మీద అవాంఛిత రోమాల పెరుగుదలను తగ్గిస్తుందని తేలి, 2000లో అమెరికాలో క్రీము రూపంలో ఆమోదం పొందింది. స్వచ్ఛంద వైద్యుల ఒత్తిడి తోడవడంతో, 2001లో ప్రపంచ ఆరోగ్య సంస్థతో కుదిరిన ఒప్పందం ప్రకారం ఆ మందు మళ్ళీ రోగులకు, ఉచితంగా, అందడం మొదలైంది.

ఈ ఉదంతంలో నన్ను కలచివేసేది ఎవరి దుర్మార్గమూ కాదు. లాభం రాని సరుకును ఆపేసిన సంస్థ మార్కెట్ నియమాన్ని పాటించింది, అంతే. లోపం ఆ నియమంలోనే ఉంది. అర్థశాస్త్రంలో గిరాకీ అంటే చేతిలో డబ్బున్న కోరిక అని అర్థం. డబ్బు లేని అవసరం ఎంత ప్రాణాంతకమైనదైనా ఆ లెక్కలోకి రాదు. అద్దం ముందు నిలబడిన వినియోగదారుకు ఉన్న గొంతు, మరణశయ్య మీది రోగికి లేకపోయింది. మార్కెట్‌ను ప్రేమించేవారు ఈ మాటను దాటవేయకూడదు. ఇక్కడ పోటీని పెంచినా, పన్నులు తగ్గించినా, అనుమతులు సులభం చేసినా ప్రయోజనం ఉండదు. ఆ రోగి తరఫున మరెవరో డబ్బు పెట్టాలి. తరువాత జరిగిందీ అదే: లాభాపేక్ష లేని సంస్థ ఒకటి చొరవ తీసుకుని, మందుల పరిశ్రమతో కలిసి ఫెక్సినిడజోల్ అనే నోటి మాత్రను తయారుచేయించింది. 2018 నుంచి ఏటా నమోదవుతున్న నిద్రజబ్బు కేసులు వెయ్యికి లోపే ఉన్నాయి.

ధర అబద్ధం చెప్పే సందర్భం మరొకటి. తయారీ ఖర్చులో కొంత భాగం కొనేవాడి మీదా అమ్మేవాడి మీదా పడకుండా, బేరంతో సంబంధం లేని మూడోవాడి ఊపిరితిత్తుల మీదో నీళ్ళ మీదో పడితే, ఆ సరుకు ధర నిజానికన్నా తక్కువ పలుకుతుంది. ఆర్థికవేత్త ఆర్థర్ పిగూ 1920లోనే దీనికి మందు చెప్పారు: ఆ హానికి తగిన పన్ను వేసి, ఖర్చును ధరలోకి రప్పించాలి. బొగ్గు విద్యుత్ కేంద్రాల గంధకపు పొగ వల్ల కురిసే ఆమ్ల వర్షాల విషయంలో 1990లో అమెరికా ఇంకో దారి పట్టింది. మొత్తం పొగకు చట్టం ఒక పరిమితి విధించింది. ఆ పరిమితికి లోబడి ఇచ్చిన అనుమతులను సంస్థలు పరస్పరం కొనుక్కోవచ్చు, అమ్ముకోవచ్చు. తక్కువ ఖర్చుతో పొగ తగ్గించగలిగిన కేంద్రం ఎక్కువ తగ్గించి మిగిలిన అనుమతులను అమ్ముకుంది. పొగ 1980 నాటి స్థాయిలో సగానికి దిగివచ్చింది. అయిన ఖర్చు మొదట భయపడినదానిలో చిన్న భాగమే. ఇందులో మరొక సంగతి నాకు చాలా విలువైనదిగా తోస్తుంది. ఖర్చు తగ్గడానికి ఒక ముఖ్య కారణం, 1980లో రైల్వేల మీద నియంత్రణలు సడలించడంతో గంధకం తక్కువగా ఉండే పశ్చిమ ప్రాంతపు బొగ్గు రవాణా చౌక కావడం. ఒకచోట నియంత్రణ ఎత్తివేయడం మరొకచోట నియంత్రణ విజయానికి తోడ్పడింది. రెండు శిబిరాలుగా చీలి వాదించుకునేవారిలో ఏ ఒక్కరి కథలోనూ ఈ సంఘటన ఇమడదు.

2008 ఆర్థిక సంక్షోభం గురించి ఇప్పటికే ఎంతో రాశారు కనుక ఒక్క అంశమే ప్రస్తావిస్తాను. గృహ రుణాల బాండ్లకు నాణ్యత ముద్ర వేసే రేటింగ్ సంస్థలకు రుసుము చెల్లించేది ఆ బాండ్లు అమ్మేవారే. కొనేవారికి కబురు అందించవలసినవారు అమ్మేవారి దగ్గర జీతం పుచ్చుకుంటే ఆ కబురును నమ్మేదెలా? రుణసంస్థలు తమ స్వప్రయోజనం కోసమైనా జాగ్రత్త పడతాయని దశాబ్దాల పాటు నమ్మిన అమెరికా కేంద్ర బ్యాంకు మాజీ అధిపతి అలన్ గ్రీన్‌స్పాన్, ఆ నమ్మకంలో లోపం ఉందని ఆ ఏడాది అక్టోబరులో అమెరికా కాంగ్రెస్ ముందు అంగీకరించారు.

ధర చెడిందని తెలిసినప్పుడు ప్రభుత్వాలు తరచుగా చేసే పొరపాటు, చెడిన భాగాన్ని బాగుచేయడానికి బదులు ధర నోరే మూసివేయడం. 1971 ఆగస్టులో అమెరికాలో అధ్యక్షుడు నిక్సన్ ప్రభుత్వం ధరలనూ జీతాలనూ 90 రోజుల పాటు స్తంభింపజేసింది. 1973లో మళ్ళీ అదే పని చేసినప్పుడు, దాణా ఖర్చు కూడా తిరిగి రాదని కొందరు కోళ్ళ పెంపకందారులు కోడిపిల్లలను నీళ్ళలో ముంచి చంపారు. జనానికి ఆహారం చౌకగా దొరకాలన్న ఉద్దేశంతో చేసిన పని ఆహారాన్నే తగ్గించింది. ఉద్దేశం మంచిదైతే ఫలితమూ మంచిదే అవుతుందన్న నమ్మకం, మార్కెట్ ఎప్పుడూ తప్పు చేయదన్న నమ్మకమంత ప్రమాదకరమైనది.

ఈ చర్చ పాత చరిత్రతో ముగిసిపోలేదు. మందులకు లొంగని సూక్ష్మజీవుల ముప్పు పెరుగుతున్న ఈ రోజుల్లో కొత్త యాంటీబయాటిక్‌ను కనిపెడితే, దాన్ని వీలైనంత తక్కువగా వాడి ఆపత్కాలానికి దాచుకోవడమే వైద్యధర్మం. తక్కువగా వాడితే తక్కువే అమ్ముడవుతుంది. అకాఓజెన్ అనే అమెరికన్ సంస్థ అటువంటి మందుకు 2018 జూన్‌లో ఆమోదం సంపాదించింది. 2019 ఏప్రిల్‌లో దివాలా పిటిషన్ వేసింది. అందరికీ కావలసిన పనిలో నెగ్గినవారు ఏడాది తిరగకుండానే మునిగిపోయారన్నమాట. 2022లో ఇంగ్లండ్ ప్రభుత్వ ఆరోగ్య వ్యవస్థ రెండు యాంటీబయాటిక్‌లకు, ఎన్ని మోతాదులు వాడారన్నదానితో నిమిత్తం లేకుండా, ఏడాదికి ఒక్కొక్కదానికి కోటి పౌండ్ల వరకు స్థిరమైన రుసుము చెల్లించే పద్ధతి మొదలుపెట్టింది. ఏ మందుకు ఎంత విలువ కట్టాలో నిపుణులు తేలుస్తారు; ఆ రుసుము సంపాదించుకోవడానికి కంపెనీలు పోటీపడతాయి. ఒక్క దేశపు రుసుముతో కొత్త మందు పరిశోధన ఖర్చు గిట్టుబాటు కాదు. సంపన్న దేశాలన్నీ తమ జనాభాకూ ఆదాయానికీ తగిన వాటా వేసుకుని ఇదే పద్ధతిని అనుసరించాలి, అదీ ఇప్పుడున్న మందులు ఇంకా పనిచేస్తుండగానే.