చరిత్రకు 6 మార్కులు

బ్రిటిష్ గయానాలో 1949లో పుట్టి 1977లో ఇంగ్లండు చేరిన కవి జాన్ అగార్డ్ గారికి ఒక ఫిర్యాదు ఉంది. బళ్ళో ఆయనకు నార్మన్లు ఇంగ్లండును గెలిచిన 1066 గురించి చెప్పారు, ఇంగ్లీషు జానపద కథల డిక్ విటింగ్టన్ గురించీ అతగాడి పిల్లి గురించీ చెప్పారు, చందమామ మీదుగా గెంతిన ఆవు సంగతి కూడా చెప్పారు. తనవాళ్ళ ఊసు మాత్రం ఎత్తలేదు. ఈ బాధనే 'చెకింగ్ అవుట్ మి హిస్టరీ' అనే కవితగా రాశారు. ఇంగ్లండు సహృదయ దేశం. ఫిర్యాదును తీసుకెళ్ళి పరీక్షలో ప్రశ్నగా పెట్టేసింది.

ఏక్యూఏ బోర్డు వారి జీసీఎస్ఈ, అంటే మన పదో తరగతి లాంటిది. సాహిత్యం రెండో పేపర్లో 15 కవితల్లోంచి ఒకటి అచ్చేసి ఇస్తారు. దానితో పోల్చే రెండోది కంఠతా వచ్చి ఉండాలి. మొత్తం 30 మార్కులు: కవిత అర్థమైందని ఆధారాలతో చూపిస్తే 12, భాషనీ నిర్మాణాన్నీ విప్పి చెబితే 12, నేపథ్యానికి 6. చరిత్ర చెప్పలేదని మొత్తుకున్న కవితలో చరిత్ర వాటా ఐదో వంతు. ఆయన చదువుకున్న రోజుల్లో సున్నా. సున్నా నుంచి ఆరుకు రావడం అభివృద్ధి కాదంటారా?

ఆ ఆరూ జారిపోయే చోటు ఒకటుంది. కవితలో హైతీ బానిసల తిరుగుబాటు నాయకుడు టూసాంట్ లూవెర్చూర్ పేరు కనబడగానే హైతీ, నెపోలియన్ సైన్యం, 1804 స్వాతంత్ర్యం అంటూ కొందరు పేజీలు నింపేస్తారు. కవితలో మాటకు ముడిపడని చరిత్రకు విలువ లేదు. కవితలోనే ఉన్న జమైకా మహిళ మేరీ సీకోల్‌దీ అంతే. క్రిమియా యుద్ధానికి నర్సుగా వస్తానంటే లండన్ అధికారులు వద్దన్నారు, సొంత ఖర్చుతో వెళ్ళి 1855లో బాలక్లావా దగ్గర సైనికులకు వసతి నడిపింది. ఇది ఒక్క వాక్యంలో తేల్చాలి. తెలిసిన చరిత్రను మింగడం బళ్ళోనే అలవడాలి కదా.

రూపం దగ్గర మాత్రం ఉదారంగా ఉండొచ్చు. ఇంగ్లండు కథలొచ్చే పంక్తులు పిల్లల పాటల్లా గిర్రున తిరుగుతాయి. టూసాంట్, జమైకాలో బానిసత్వం నుంచి తప్పించుకున్నవారి నాయకురాలు నానీ, సీకోల్ వచ్చేసరికి పంక్తులు పొట్టివై, అచ్చు ఇటాలిక్‌కు మారుతుంది. ఇది పట్టుకుని, ఎందుకో చెప్పినవాడు గట్టెక్కుతాడు. కామాలు, ఫుల్‌స్టాపులు లేకపోతే 'పాలకుల వ్యాకరణంపై ధిక్కారం' అనాలి. 'కవికి కామా పెట్టడం రాదు' అంటే గోవిందా.

అదే పిల్లలు భాష పేపర్లో సొంతంగా రాసే 40 మార్కుల ప్రశ్నకు వస్తే, అందులో 16 మార్కులు స్పెల్లింగు, వ్యాకరణం, విరామచిహ్నాలకే. 'మై' అనాల్సిన చోట 'మి' అని అగార్డ్ గారు రాస్తే ధిక్కారం, జమైకా తాతమ్మ దగ్గర నేర్చుకున్న పిల్ల రాస్తే తప్పు. బార్బడోస్ కవి కమౌ బ్రాత్‌వైట్ కరీబియన్ల ఈ మాటతీరుకు 'నేషన్ లాంగ్వేజ్' అని పేరు పెట్టారు. గిడుగు రామమూర్తి గారు అటువైపు పుట్టకపోవడం బోర్డువారి అదృష్టం.

పరీక్ష హాల్లో పోల్చే కవితను జ్ఞాపకం మీదే రాయాలి. వలసల సంగతి చూసే బ్రిటన్ హోం శాఖ, అంటే హోం ఆఫీసులో జ్ఞాపకం చెల్లదు. కరీబియన్ నుంచి ఓడల్లో వచ్చినవారి ల్యాండింగ్ కార్డులను 2010లో వాళ్ళే నాశనం చేశారు. ఆ తర్వాత, ఇక్కడున్న ప్రతి ఏడాదికీ కనీసం ఒక్క కాగితమైనా చూపమని అడిగారు. 2018లో గొడవయ్యాక మంత్రి రాజీనామా చేశారు. ఇదంతా జవాబులో రాయకండి, కవితకు ముడిపడదు.

చివర్లో అగార్డ్ గారు తన ఉనికిని తానే చెక్కుకుంటున్నానంటారు. ముగింపు పేరాకు బాగా పనికొస్తుంది. ఆ చెక్కుడుకి దొరికే సమయం సుమారు 45 నిమిషాలు, పోల్చే కవితతో కలిపి.