రాజధాని కదిలితే జకార్తా మునక ఆగుతుందా?

"జకార్తా మునిగిపోతోంది, అందుకే ఇండోనేసియా రాజధానిని అడవిలోకి మారుస్తోంది. ఇక రద్దీ తగ్గుతుంది, మునక ఆగుతుంది, కొత్త నగరంలో అందరూ సమానమే." వాట్సాప్‌లో తెగ తిరుగుతున్న పోస్టు సారాంశం ఇది. తరలింపు మాట నిజమే. 2019లో అప్పటి అధ్యక్షుడు జోకో విడోడో ప్రకటించారు, 2022లో చట్టం చేశారు, బోర్నియో దీవిలో నుసంతారా అనే కొత్త రాజధాని కడుతున్నారు. పేచీ అంతా మిగతా మూడు ముక్కలతోనే.

రద్దీ తగ్గుతుందట. మంత్రుల కాన్వాయ్‌ల బెడద తప్పుతుందేమో గానీ, జనం మహానగరానికి వచ్చేది సచివాలయాన్ని చూసి కాదు, పని కోసం. నైజీరియా 1991లో రాజధానిని లాగోస్ నుంచి అబుజాకు మార్చింది. రేవు, బ్యాంకులు, బజార్లు లాగోస్‌లోనే ఉండిపోయాయి. ఆ తర్వాత కూడా ఆ ఊరు పెరుగుతూనే ఉంది.

ఇక మునక. సముద్రమట్టం పెరుగుతున్న మాట వాస్తవమే, కానీ అసలు గొడవ కాళ్ల కింద ఉంది. జకార్తాలో ఇంటింటికీ కుళాయి నీళ్లు అందక ఇళ్లవాళ్లు, హోటళ్లు, ఫ్యాక్టరీలు దశాబ్దాలుగా బోర్లు వేసి తోడేస్తున్నారు. నీరు పోయిన మట్టి పొరలు అణిగిపోతుంటే, పైనేమో భవనాల బరువు. ఉత్తరాన మువారా బారులో సముద్రపు గోడకు అవతల ఒక పాత మసీదు నీళ్లలో పాడుబడి ఉంది. గోడకు ఇవతల, సముద్రమట్టం కన్నా దిగువన, జనం కాపురాలు చేస్తున్నారు. ఫైళ్లు బోర్నియోకు పోతే ఇక్కడి బోర్లు ఎందుకు ఆగుతాయి?

టోక్యో తూర్పు భాగాలూ ఇలాగే కుంగాయి, కొన్నిచోట్ల నాలుగు మీటర్లకు పైగా. 1960, 70లలో భూగర్భజలాలు తోడటం మీద గట్టి ఆంక్షలు పెట్టాక ఆ కుంగుడు చాలావరకు ఆగింది. రాజధానిని మాత్రం ఎక్కడికీ మార్చలేదు.

మూడోది సమానత్వం. 1960లో బ్రెజిల్ రాజధాని అయిన బ్రసీలియాను కట్టిన కూలీలకు ఆ ప్లాన్‌లోనే సరైన చోటు లేదు. గుడిసెలు వేసుకున్నవాళ్లను 1971లో పాతిక కిలోమీటర్ల దూరాన దింపేశారు. ఆ కార్యక్రమానికి ప్రభుత్వం పెట్టుకున్న పేరే 'ఆక్రమణల నిర్మూలన ప్రచారం'. అలా పుట్టిన సేయిలాండియా ఇవాళ బ్రసీలియా ఉన్న ఫెడరల్ జిల్లాలో అత్యధిక జనాభా ఉన్న ప్రాంతాల్లో ఒకటి. అక్కడివాళ్లలో చాలామంది ఇప్పటికీ బ్రసీలియా నడిబొడ్డుకే పనికి వెళ్లొస్తారు.