పార్టీ గేముల్లో మాటలకు పూచీ ఎవరిది?

వీడియో గేముల్లో హింస గురించి మన ఇళ్లలో ఎంతో కొంత చర్చ జరుగుతూనే ఉంటుంది. తుపాకులు, నెత్తురు కంటికి కనిపిస్తాయి కాబట్టి పక్కనుంచి నడిచి వెళ్లే పెద్దవాళ్లు కూడా ఒక్క క్షణం ఆగి చూస్తారు. మాటల సంగతి అలా కాదు. నలుగురూ కూర్చుని ఆడుకునే పార్టీ గేములో బొమ్మలు రంగురంగులుగా, సంగీతం హుషారుగా ఉంటాయి. అందులో అనుమానించాల్సింది ఏదో ఉంటుందని ఎవరికీ తోచదు. పండగకు వచ్చిన చుట్టాలందరి ముందు టీవీ తెర మీద ఒక వాక్యం ప్రత్యక్షమయ్యాక గానీ విషయం బోధపడదు. అప్పుడు రిమోట్ కోసం వెతుక్కోవాలి. అంతకన్నా ఇబ్బంది, ఇంగ్లీషు అంతగా రాని అమ్మమ్మ 'దానికి అర్థం ఏమిటి?' అని అడిగినప్పుడు.

ఈ తరహా ఆటలకు బాగా పేరున్న ఉదాహరణ జాక్‌బాక్స్. షికాగోకు చెందిన ఈ సంస్థ 1995లో వచ్చిన 'యూ డోంట్ నో జాక్' అనే క్విజ్ ఆటతో మొదట పేరు తెచ్చుకుంది. 2014లో ఐదు ఆటలను కలిపి మొదటి 'పార్టీ ప్యాక్' విడుదల చేసింది. దీనికి ప్రత్యేకమైన కంట్రోలర్లు అక్కర్లేదు. ఆట టీవీలో నడుస్తుంది, నాలుగక్షరాల గది కోడ్‌ను ఫోనులో కొడితే ఎవరైనా చేరవచ్చు. అమెరికాలో తెలుగు కుటుంబాలు కలిసినప్పుడు పిల్లలు దీన్ని బయటికి తీయడానికి ఈ సౌలభ్యమే కారణం. జాయ్‌స్టిక్ పట్టుకోవడం రాని పెద్దమ్మ కూడా ఫోనులో నాలుగు మాటలు రాయగలదు.

చిక్కంతా ఆ రాయడంలోనే ఉంది. 'క్విప్లాష్'లో తెర మీద ఒక అసంపూర్ణ వాక్యమో, వింత ప్రశ్నో వస్తుంది. దానికి ఇద్దరు ఆటగాళ్లు చెరొక జవాబు రాస్తే మిగతావారు ఓట్లు వేస్తారు. 'ఫిబేజ్'లో నమ్మించగల అబద్ధం రాయాలి. 'డ్రాఫుల్'లో బొమ్మ గీయాలి, మిగతావారు దానికి పేరు కల్పించాలి. ఆటలో వినోదమంతా కొన్నవాళ్లు కలిపేదే. కంపెనీ ఇచ్చేది ఎత్తుగడ మాత్రమే.

మన అవధానాల్లోని సమస్యాపూరణం దీనికి దగ్గరి చుట్టం. 'కుంజర యూథంబు దోమ కుత్తుక జొచ్చెన్' (ఏనుగుల గుంపు దోమ గొంతులో దూరింది) అన్న సమస్య కథ తెలుగువాళ్లకు కొత్త కాదు. ద్వారం దగ్గర పరిహాసానికి అడిగించినప్పుడు కవి దాన్ని తిట్లతో పూరించాడని, అదే పాదాన్ని రాజు సభలో అడిగితే విరాటుడి కొలువులో చేరిన పాండవుల దుస్థితికి అన్వయించాడని చాటుకథ చెబుతుంది. ఇచ్చిన పాదంలో ఒక్క అక్షరం మారలేదు, పద్యం మాత్రం పూర్తిగా మారిపోయింది. అవధానంలో పృచ్ఛకుడు ఎబ్బెట్టుగా కనిపించే పాదం ఇస్తాడు, దాన్ని మర్యాదగా తేల్చడమే అవధాని ప్రతిభ. పార్టీ గేములో గాలి ఎదురు దిశలో వీస్తుంది. అమాయకమైన ప్రశ్నకు ఎంత కొంటె జవాబు రాస్తే అన్ని ఓట్లు పడతాయి. నలుగురిని ఠక్కున నవ్వించడానికి బూతు అన్నింటికన్నా దగ్గరి దారి అని పదేళ్ల పిల్లవాడికి కూడా తెలుసు.

ఇప్పుడు రేటింగుల సంగతి చూద్దాం. అమెరికాలో గేములకు వయసు ముద్ర వేసే ఈఎస్‌ఆర్‌బీ 1994లో ఏర్పడింది. దానికి ముందు ఏడాది 'మోర్టల్ కాంబాట్', 'నైట్ ట్రాప్' ఆటలపై సెనేట్‌లో జరిగిన విచారణల వేడికి పరిశ్రమ తనకు తానే పెట్టుకున్న ఏర్పాటు అది. అందరికీ పనికొచ్చేదైతే 'ఈ', పదేళ్లు దాటినవారికి 'ఈ10+', పదమూడు దాటినవారికి 'టీ', పదిహేడు దాటినవారికి 'ఎం'. డిస్కు రూపంలో అమ్మే ఆటకైతే తయారీదారు ఒక ప్రశ్నావళి నింపి, అందులోని తీవ్రమైన భాగాలను వీడియోగా పంపాలి. శిక్షణ పొందిన కనీసం ముగ్గురు దాన్ని చూసి నిర్ణయిస్తారు. ఆన్‌లైన్ దుకాణాల్లో దొరికే ఆటలకు, యాప్‌లకు చాలా వరకు ఐఏఆర్‌సీ అనే అంతర్జాతీయ ప్రశ్నావళి ఉంది. తయారీదారు ఇచ్చిన జవాబులను బట్టి రేటింగు దానంతటదే వచ్చేస్తుంది. మన దేశంలో గూగుల్ ప్లేలో 3+, 12+ అని కనిపించే అంకెలు ఆ దారిలో వచ్చినవే.

ఈ పద్ధతిలో దోషం ఉందని నేను అనడం లేదు. అది కొలిచేది కంపెనీ రాసిన మాటలను. ఆటగాళ్లు రాసేదాన్ని ముందుగా ఎవరూ చూడలేరు. ఆ సంగతి ఈఎస్‌ఆర్‌బీ కూడా దాచలేదు. ఆన్‌లైన్ సంభాషణలకు తమ రేటింగు వర్తించదని చెబుతుంది, ఆటగాళ్ల మధ్య మాటామంతీ ఉండే ఆటలకు 'యూజర్స్ ఇంటరాక్ట్' అన్న సూచన తగిలిస్తుంది. కొనేవాళ్లు పెద్ద అక్షరాన్ని చూసి ఆగిపోతారు, ఈ చిన్న సూచన దాకా వెళ్లరు.

నన్నడిగితే ఆ పెద్ద అక్షరం కన్నా దాని పక్కనున్న చిన్న మాటలే ఎక్కువ పనికొస్తాయి. 'లాంగ్వేజ్' అంటే ఒక మోస్తరు తిట్లు. 'స్ట్రాంగ్ లాంగ్వేజ్' అంటే వివరించనక్కర్లేదు. 'క్రూడ్ హ్యూమర్' మరుగుదొడ్డి హాస్యాన్ని కూడా కలుపుకుంటుంది, 'సజెస్టివ్ థీమ్స్' శృంగార సూచనల గురించి హెచ్చరిక. వీటిలో ఏది ఎంత బరువన్నది ఇంటిని బట్టి ఉంటుంది. అపానవాయువు మీద జోకు వేస్తే మన ఇళ్లలో మనవడి కన్నా ముందు తాతగారే నవ్వుతారు. శృంగార శ్లేష వచ్చినప్పుడే గదిలో అందరూ ఒక్కసారిగా ఫోన్లలోకి తలలు దించుకుంటారు. రెండూ ఒకే 'టీ' కింద ఉండవచ్చు. ఈఎస్‌ఆర్‌బీ వెబ్‌సైటులో చాలా ఆటలకు చిన్న వివరణ కూడా ఉంటుంది. అభ్యంతరకరమైన మాటలకు ఉదాహరణలు అందులో దొరుకుతాయి. ట్రైలర్ చూడటం కన్నా అది చదవడం మేలు. ఇంకా మేలైనది, ఎవరైనా మొదటి నుంచి చివరి దాకా ఆడిన ఒక రౌండు వీడియో చూడటం. వ్యాఖ్యాత ఎలా మాట్లాడతాడో, ప్రశ్నల ధోరణి ఎటు లాగుతుందో పది నిమిషాల్లో తెలిసిపోతుంది.

జాక్‌బాక్స్ తన వంతుగా చాలా ఆటల సెట్టింగుల్లో 'ఫ్యామిలీ ఫ్రెండ్లీ' అనే మీట పెట్టింది. దాన్ని ఆన్ చేస్తే పెద్దలకు మాత్రమే తగిన ప్రశ్నలు పక్కకు వెళ్తాయి. కొత్త ప్యాకుల్లో ఆటగాళ్లు రాసే తిట్లను వడగట్టే ఫిల్టరు ఉంది. రాసినది తెర మీదికి వెళ్లకముందే ఒకరు చూసి ఒప్పుకునే ఏర్పాటు కూడా ఉంది. మంచిదే. కానీ మొదటి మీటను వెతికి ఆన్ చేసుకోవలసింది మనమే, అదీ ఒక్కో ఆటలో విడివిడిగా. నా అభ్యంతరం ఇక్కడే. 2024లో ఇదే సంస్థ పెద్దల కోసం 'నాటీ ప్యాక్' అని వేరే సంపుటి తెచ్చింది, దానికి 'ఎం' ముద్ర వేయించుకుంది. పెద్దల హాస్యాన్ని విడదీసి అమ్మడం వాళ్లకు చేతనవును. అది కావలసినవారికి వేరే దుకాణం తెరిచాక, మిగతా ప్యాకుల్లో ఆ మీట మొదటి నుంచే ఆన్‌లో ఉండి, వద్దనుకున్నవాళ్లు ఆఫ్ చేసుకోవడం న్యాయం. ఆఫ్ చేసుకోవడం మరిచిపోయిన కాలేజీ కుర్రాళ్లకు పోయేది కాస్త కారం మాత్రమే. ఆన్ చేయడం మరిచిపోయిన ఇంట్లో పోయేది ఆ సాయంత్రం.

ఆ మీట ఉన్నా మన దగ్గర ఇంకో చిల్లు మిగులుతుంది. జాక్‌బాక్స్ ఆటలు ఇంగ్లీషుతో పాటు కొన్ని యూరప్ భాషల్లో వస్తాయి, తెలుగులో రావు. తిట్ల ఫిల్టరుకు తెలిసేది తన జాబితాలోని పదాలే. ఇంగ్లీషు అక్షరాల్లో రాసిన తెలుగు బూతు దానికి ఎవరి పేరులాగో కనిపించి దర్జాగా తెరకెక్కుతుంది. అలాంటి యంత్రాలే దీక్షిత్ లాంటి నిజమైన పేర్లను, ఇంగ్లీషు స్పెల్లింగు చివరి నాలుగు అక్షరాలు చూసి, బూతుగా లెక్కగట్టిన సందర్భాలు ఉన్నాయి. ఇక గీసిన బొమ్మను ఏ పదాల జాబితా చదవగలదు? కాబట్టి తెలుగువాళ్లు ఆడేచోట యంత్రం కన్నా మనిషి మెరుగు. ముందుగా చూసి ఒప్పుకునే ఆ పనిని కజిన్లలో కాస్త పెద్దవాళ్లకు అప్పగిస్తే చాలు. పిల్లలకు తెలుగు అంతంతమాత్రమే వచ్చినా తెలుగు బూతులు మాత్రం బాగానే వస్తాయన్నది ప్రవాసంలో ఉన్నవారికి నేను చెప్పాలా!

అన్ని పార్టీ గేములకూ ఈ బెడద లేదు. కలిసి వంట చేసే 'ఓవర్‌కుక్డ్', 'మారియో పార్టీ' లాంటివాటిలో ఆటగాళ్లు రాయాల్సింది ఏమీ లేదు. అక్కడ వినిపించే తిట్లు వంటగదిలో ఉల్లిపాయలు కోయని తమ్ముడి మీద అక్క విసిరేవే. 'జస్ట్ డాన్స్'లో చూసుకోవలసింది పాటల సాహిత్యాన్ని. తమలో దాగిన మోసగాణ్ని పట్టుకునే 'అమాంగ్ అస్'లో చాట్ ఉంది గనుక, చిన్న వయసు ఖాతాలకు సిద్ధంగా ఉన్న వాక్యాల నుంచే ఎంచుకునే 'క్విక్ చాట్' పెట్టారు. నాకు బాగా నచ్చిన పరిష్కారం ఇదే. పిల్లలు ఆడుకుంటారు, అనుమానిస్తారు, నింద వేస్తారు, కానీ సొంతంగా ఏమీ రాయలేరు. క్విప్లాష్‌కు ఈ కిటుకు కుదరదు, రాయడమే ఆ ఆట గనుక.

ఇక మన ప్రభుత్వాల వైపు చూస్తే, సినిమాలకు 2023 సవరణతో యూఏ 7+, 13+, 16+ అని మూడు మెట్లు వచ్చాయి. ఓటీటీకి 2021 నిబంధనల్లోనే అలాంటి విభజన ఉంది. గేముల విషయంలో 2025లో వచ్చిన చట్టం దృష్టి ప్రధానంగా డబ్బు పెట్టి ఆడే ఆటల మీదే. కొంపలు కూలుస్తున్నవి అవే కాబట్టి దాన్ని తప్పుపట్టలేం. అయితే డబ్బు ప్రమేయం లేని ఇంటిల్లిపాది ఆటల గురించి ఇక్కడి తల్లిదండ్రులకు ఎక్కువగా కనిపించేది గూగుల్ దుకాణంలోని ఆ అంకె లాంటిదే. ఆ అంకె పక్కన 'ఈ ఆటలో మాటలు ఆటగాళ్లవి' అన్న ఒక్క వాక్యం తెలుగులో కనిపించేలా చేయడానికి కొత్త చట్టం కూడా అక్కర్లేదు.