సస్పీరియా కథలో సగం హక్కుదారు

ఇటలీలో 1970, 80 దశకాల్లో వచ్చిన నేర, భయానక చిత్రాలను కొన్నేళ్లుగా పునరుద్ధరించి మళ్లీ విడుదల చేస్తున్నారు. వాటి ప్రచారంలో దర్శకుడి పేరు ముందుండటాన్ని తప్పు పట్టలేం. కానీ దర్శకుడు దారియో అర్జెంతో చిత్రాల ప్రస్తావన వచ్చినప్పుడల్లా దారియా నికొలోదిని ఆయన సహచరిగా, నటి ఆసియా అర్జెంతో తల్లిగా పరిచయం చేసి సరిపెట్టడం న్యాయం కాదన్నది మా అభిప్రాయం. 2020 నవంబరు 26న రోమ్‌లో, 70 ఏళ్ల వయసులో కన్నుమూసిన నికొలోది తెరమీదా, తెరవెనుకా చేసిన పని అంతకంటే పెద్దది.

ఫ్లోరెన్స్‌లో పుట్టిన ఆమె, స్వరకర్త అల్‌ఫ్రెదో కసెల్లాకు మనుమరాలు. అర్జెంతోను కలవకముందే ఫ్రాంచెస్కో రోసి, ఎలియో పెత్రి వంటి దర్శకుల చిత్రాల్లో నటించారు. అర్జెంతో 1975 నాటి చిత్రం ‘ప్రొఫోందో రోస్సో’లో ఆమె వేసిన విలేకరి జాన్నా పాత్ర, ఆ తరహా చిత్రాల్లో ఆడవాళ్లకు సాధారణంగా దక్కే పాత్ర కాదు. హత్య గురించి ఆరా తీస్తూ, హీరోను ఆటపట్టిస్తూ, చేతిబలం పందెంలో అతణ్ణి ఓడించి ఉడికిస్తుంది. ఆమె డొక్కు కారులో పక్క సీటు కిందికి కుంగిపోయి ఉంటుంది కాబట్టి, ఆడవాళ్ల కంటే మగవాళ్లే తెలివైనవాళ్లని వాదించే ఆ పెద్దమనిషి ఆమె పక్కన చిన్నపిల్లాడిలా కూర్చోవాల్సి వస్తుంది. హాస్యమంతా ఆ ఎత్తు తేడాలోనే ఉంది. విదేశాలకు పంపిన ఆంగ్ల ప్రతిలో ఇరవై నిమిషాలకు పైగా కత్తిరించినప్పుడు, వేటు ఎక్కువగా పడింది ఈ సన్నివేశాలపైనే. హత్యలు మిగిలాయి, జాన్నా చిక్కిపోయింది. ఆ ప్రతి మాత్రమే చూసినవారు ఆమెను మామూలు సహాయనటిగా లెక్కగట్టారంటే, ఆ తప్పు వారిది కాదు.

అర్జెంతో 1977లో తీసిన ‘సస్పీరియా’ విషయం ఇంకా స్పష్టం. సంగీతం నేర్చుకోవడానికి వెళ్లిన ఒక విద్యాలయంలో చేతబడి కూడా నేర్పుతున్నారని తెలిసి పారిపోయి వచ్చానని తన అమ్మమ్మ చెప్పిన ముచ్చటే ఆ కథకు బీజమని నికొలోది చెప్పేవారు. ముచ్చట నిజమా కాదా అన్నది వేరే సంగతి. రచయితలుగా అర్జెంతో పేరుతోపాటు ఆమె పేరూ తెరమీద పడింది. కథానాయిక పాత్ర మాత్రం అమెరికన్ నటి జెస్సికా హార్పర్‌కు దక్కింది. తాను కూడా రాసిన చిత్రంలో నికొలోది మొదట్లో విమానాశ్రయంలో క్షణకాలం కనిపించి మాయమవుతారు. మూడేళ్ల తర్వాత దాని కొనసాగింపుగా వచ్చిన ‘ఇన్‌ఫెర్నో’కు కూడా తాను కథ అందించానని ఆమె చెప్పారు, కానీ అక్కడ రచయితగా అర్జెంతో ఒక్కరి పేరే ఉంది. 2018లో లూకా గ్వాదన్యీనో ‘సస్పీరియా’ను మళ్లీ తీసినప్పుడు మూలకర్తల వరుసలో నికొలోది పేరు నిలబడిందంటే, 1977లో అది కాగితం మీద ఉండబట్టే.

ఆ తర్వాత అర్జెంతో చిత్రాల్లో ఆమె పాత్రలు కుదించుకుపోయాయి. ‘తెనెబ్రే’లో రచయిత సహాయకురాలు, ‘ఫెనోమెనా’లో బడిలో పనిచేసే ఆవిడ, 1987 నాటి ‘ఓపెరా’లో తలుపు రంధ్రంలోంచి చూస్తుండగా కంట్లోకి తూటా దూసుకొచ్చి చనిపోయే ఏజెంటు. ‘తెనెబ్రే’ చివర వానలో నిలబడి ఆమె ఆపకుండా పెట్టే కేక, ఒక సహాయనటి సినిమా మొత్తాన్ని లాగేసుకోగలదనడానికి సాక్ష్యం. ఆమె చేత మోయించదగ్గ బరువెంతో మరో దర్శకుడు మారియో బావా ముందే గుర్తించారు. తన చివరి థియేటర్ చిత్రం ‘షాక్’ను 1977లో దాదాపుగా ఆమె భుజాలమీదే పెట్టారు, ఆ తర్వాత టెలివిజన్ కోసం తీసిన ‘లా వేనెరె దిల్లే’లోనూ ఆమెనే తీసుకున్నారు.

పునరుద్ధరణకు పూనుకునే సంస్థలు చెరిగిన రంగులను వెతికి తెస్తున్నంత శ్రద్ధగా, ఎవరేం రాశారన్న సంగతినీ వెతకాలి. ‘ఇన్‌ఫెర్నో’ టైటిళ్లను ఇప్పుడు మార్చమని మేము అడగడం లేదు. చిత్రంతోపాటు ఇచ్చే పుస్తకంలో, చిత్రోత్సవాల కరపత్రాల్లో ఆమె వాదనను దర్శకుడి మాటతో సమానంగా అచ్చువేయాలి. ‘ప్రొఫోందో రోస్సో’ను ప్రదర్శించేవారు కత్తిరించిన ప్రతిని పక్కనపెట్టి, రెండు గంటలు దాటిన ఇటాలియన్ ప్రతినే వేయాలి.