బెయిల్‌కు ఆలస్యమే అర్హతా?

హత్య కేసులో నిందితుడికి బెయిల్ వచ్చిందంటే చుట్టుపక్కల వినిపించే మాట ఒకటే: "వదిలేశారట!" నిజానికి ఎవరూ వదిలేయలేదు. కేసు అలాగే ఉంటుంది, వాయిదాలకు తిరగాలి, నేరం రుజువైతే మళ్లీ లోపలికే. బెయిల్ పిటిషన్ మీద కోర్టు తేల్చాల్సింది నేరం చేశాడా లేదా అని కాదు, తీర్పు వచ్చేదాకా జైల్లో ఉంచక తప్పదా అని. పారిపోతాడా, సాక్ష్యాలు చెరిపేస్తాడా, సాక్షుల్ని బెదిరిస్తాడా? లాయర్లు ట్రిపుల్ టెస్ట్ అనేది దీన్నే.

మరణశిక్షో యావజ్జీవమో పడే నేరమైతే మేజిస్ట్రేట్ చేతులను భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (నేర విచారణ ఎలా సాగాలో చెప్పే చట్టం) 480వ సెక్షన్ చాలావరకు కట్టేస్తుంది. మహిళలు, పిల్లలు, జబ్బుపడ్డవాళ్ల విషయంలో కొంత సడలింపు ఉంది. సెషన్స్ కోర్టుకు, హైకోర్టుకు మాత్రం 483 కింద విచక్షణ విశాలం. ఆ విచక్షణ అసలు రంగేమిటో 1977లో సుప్రీంకోర్టు న్యాయమూర్తి జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్ మొహమాటం లేకుండా చెప్పారు. బెయిలా జైలా అన్నది చాలావరకు జడ్జి మనసుకు తోచినదాన్ని బట్టే ఉంటుందని, దానికే న్యాయ విచక్షణ అని పేరు పెట్టుకున్నామని ఆయన మాటల సారాంశం. ఆయన ఆ మాటలన్న కేసు ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లింది. సెషన్స్ కోర్టు నిర్దోషులని వదిలినవాళ్లకు హైకోర్టు యావజ్జీవం వేసింది. ఒకే సాక్ష్యం రెండు కోర్టులకు రెండు రకాలుగా కనిపించినప్పుడు, అప్పీలు తేలేదాకా వాళ్లను లోపల ఉంచడం న్యాయమా? సుప్రీంకోర్టు బెయిలిచ్చింది.

విచక్షణ అటువైపూ తప్పగలదు. రైతుల మీదికి వాహనం నడిపి చంపారన్న లఖింపూర్ ఖేరీ కేసులో బాధితుల మాట సరిగా వినకుండానే హైకోర్టు ఇచ్చిన బెయిల్‌ను 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు రద్దు చేసింది. అది సబబే. అందరినీ బయటికి పంపాలన్నది నా వాదన కాదు.

నా పేచీ ప్రత్యేక చట్టాలతో. మనీలాండరింగ్ చట్టం 45వ సెక్షన్ ప్రకారం బెయిలివ్వాలంటే, నిందితుడు నేరం చేయలేదని నమ్మడానికి సహేతుక కారణాలున్నాయని జడ్జికి అనిపించాలి. విచారణ మొదలుకాక ముందే! ఉగ్రవాద కేసుల్లో వాడే యూఏపీఏ చట్టంలో 2008లో చేర్చిన 43డి(5) సెక్షన్ దారి వేరు: ఆరోపణ ప్రథమదృష్ట్యా నిజమనిపిస్తే చాలు, బెయిల్ లేదు. పైగా ఈ దశలో పోలీసుల ఆధారాలను లోతుగా తూచకూడదని 2019లో సుప్రీంకోర్టు గిరి గీసింది. జడ్జి ముందున్నది పోలీసులు రాసుకొచ్చిన చార్జిషీట్ ఒక్కటే. క్రాస్ ఎగ్జామినేషన్‌లో ఒక్క సాక్షీ నలగలేదు. ఆ కాగితాలు చదివి ఇది నిజం కాకపోవచ్చు అని ఏ జడ్జి రాయగలరు?

రాయలేరు కాబట్టే కోర్టులు పక్కదారి వెతుక్కున్నాయి. ఆ దారి పేరు ఆలస్యం. 2021లో ఒక యూఏపీఏ కేసులో నిందితుడు అప్పటికే ఐదేళ్లకు పైగా జైల్లో ఉన్నాడు, ఇంకా 276 మంది సాక్షుల్ని విచారించాలి. చట్టం ఎంత కఠినమైనా రాజ్యాంగం ఇచ్చిన సత్వర విచారణ హక్కు ముందు తగ్గాల్సిందేనని సుప్రీంకోర్టు చెప్పింది. 2024 ఆగస్టులో ఢిల్లీ మాజీ ఉపముఖ్యమంత్రి మనీశ్ సిసోదియాకు బెయిలిస్తూనూ అదే మాట. 17 నెలల జైలు, 493 మంది సాక్షులు, ఇంకా మొదలుకాని విచారణ. కింది కోర్టులు, హైకోర్టులు బెయిల్ దగ్గర మనకెందుకొచ్చిన గొడవ అన్నట్టు వ్యవహరిస్తున్నాయని ఆ తీర్పులోనే చురక ఉంది.

మంచి తీర్పులే. కానీ వాటి లెక్క చూడండి. మొదటి రోజున బెయిల్ అడిగితే ఆరోపణ తీవ్రమైనదంటారు. అదే మనిషి, అదే ఆరోపణ, నాలుగైదేళ్లు గడిచాక మాత్రం బెయిల్‌కు అర్హుడు. మధ్యలో మారిందేమిటి? పారిపోయే అవకాశమా, సాక్షుల భద్రతా? రెండూ కావు, జైల్లో గడిచిన రోజుల సంఖ్య. మరి మొదట్లోనే అడగాల్సిన ట్రిపుల్ టెస్ట్ ఎటు పోయినట్టు? సగం శిక్షాకాలం, మొదటిసారి నేరారోపణ అయితే మూడో వంతు గడిపిన విచారణ ఖైదీలను విడుదల చేయాలనే నాగరిక్ సురక్షా సంహిత 479వ సెక్షన్ కూడా మరణశిక్ష, యావజ్జీవం పడే కేసులకు వర్తించదు. సరిగ్గా ఎక్కువకాలం మగ్గేవాళ్లకే ఆ మేలు లేదు. 2022 చివరికి దేశంలోని ఖైదీల్లో 75 శాతానికి పైగా శిక్ష పడనివాళ్లే.

ఇంతాచేసి బెయిల్ వచ్చినా ష్యూరిటీల (పూచీ ఉండేవాళ్ల) దగ్గర ఇంకో గడప ఉంది. 1978లో మధ్యప్రదేశ్‌లో ఒక తాపీ మేస్త్రీకి సుప్రీంకోర్టే బెయిలిచ్చింది. మేజిస్ట్రేట్ 10,000 రూపాయల జామీను అడిగారు. సొంత అన్నదమ్ముడు పూచీ ఉంటానని వస్తే, ఆస్తి వేరే జిల్లాలో ఉందని తిప్పిపంపారు. ఆ మేస్త్రీ మళ్లీ సుప్రీంకోర్టు దాకా వెళ్లాల్సి వచ్చింది. 1,000 రూపాయల సొంత పూచీకత్తు మీద వదలమన్నారు కృష్ణయ్యర్. 45 ఏళ్ల తర్వాత, 2023 జనవరిలో, సుప్రీంకోర్టు ఇంకో ఉత్తర్వు ఇచ్చింది: బెయిల్ వచ్చి నెల దాటినా పూచీకత్తు ఇవ్వలేకపోతే కోర్టే చొరవ తీసుకుని షరతులు సడలించవచ్చని. బెయిల్ కాగితం చేతిలో పెట్టుకుని నెలరోజులు లోపలే ఉండే మనుషులున్నారని ఆ ఉత్తర్వే ఒప్పుకుంటోంది.