ఆ బీపీ ఉప్పు వల్ల వచ్చింది కాదు

మొన్న విజయవాడలో ఓ డాక్టరు గదిలో నా వంతు కోసం కూర్చున్నాను. నా ముందు నలభై అయిదేళ్ల ఆవిడ. మొగల్రాజపురం కొండ మీద ఇల్లు, కింద మూడిళ్లలో అంట్లు, బట్టలు. బీపీ 170. డాక్టరు చీటీ రాస్తూనే, ‘‘ఉప్పు తగ్గించు. పొద్దున్నే అరగంట నడువు. టెన్షన్ పెట్టుకోకు’’ అన్నాడు. ఆమె కంటే చిన్నవాడు. ‘‘నడకంటే... రోజుకి మూడుసార్లు కొండెక్కి దిగుతానండీ’’ అందామె. ఆయన అప్పటికే నా వైపు తిరిగి, ‘‘రండి సార్, కూర్చోండి’’ అంటున్నాడు.

ఆ 170లో ఉప్పు వాటా ఎంతోగానీ, మన చిన్నచూపు వాటా చాలా ఉంది.

కొండల మీద ఎవరుంటారో, బుడమేరు వాగు పక్కన ఎవరుంటారో బెజవాడ వాళ్లకి చెప్పక్కర్లేదు. 2024 ఆగస్టు 31న కొండచరియ విరిగి ఇళ్ల మీద పడింది ఆ మొగల్రాజపురంలోనే. మర్నాటికల్లా సింగ్‌నగర్ నీళ్లలో ఉంది. 2018లో గుంటూరులో కుళాయి నీళ్లలో మురుగు కలిసి జనం అతిసారంతో పోయింది ఆనందపేట లాంటి చోట్ల, డబ్బున్నవాళ్లుండే బృందావన్ గార్డెన్స్‌లో కాదు.

ఇదంతా పేదరికం గొడవ, మధ్యలో ఈ కుల వివక్ష ఏంటి అంటారు కొందరు. 2007 నుంచి ఆరోగ్యశ్రీ ఉంది కదా, ముందు తాగుడూ గుట్కా మానమనండి అంటారు. ఆరోగ్యశ్రీ ఎన్నో ప్రాణాలు నిలబెట్టింది, కాదనను. కానీ గుండె ఆగబోతుంటే ఆదుకునే పథకం అది. గుండెని అక్కడిదాకా తెచ్చిందెవరని అడుగుతున్నాను.

పేదరికమే కారణమనేవాళ్లు బ్రిటన్ గుమస్తాల కథ వినాలి. 1967లో లండన్ ప్రభుత్వ ఉద్యోగుల మీద ఓ పెద్ద అధ్యయనం మొదలైంది. వాళ్లెవరూ ఆకలితో ఉన్నవాళ్లు కాదు. నెల జీతం, పెన్షను, ఉచిత వైద్యం అందరికీ ఉన్నాయి. అయినా గుండెజబ్బుతో చనిపోయే రేటు పై అధికారుల కంటే అట్టడుగు గ్రేడు వాళ్లలో దాదాపు మూడు రెట్లుంది. మధ్యలో ఉన్నవాళ్లు మధ్యలోనే ఉన్నారు, మెట్టు మెట్టుకీ తేడా! ఆ లెక్కలు విశ్లేషించిన మైఖేల్ మార్మట్ అనే డాక్టరు బృందం సిగరెట్లు, కొవ్వు, బీపీ అన్నీ లెక్కలోంచి తీసేసి చూసినా ఆ తేడాలో ఎక్కువ భాగం అలాగే మిగిలింది. ఎవరేమంటారో, ఎప్పుడు కసురుతారో అని రోజంతా కాచుకుని ఉండే ఒంట్లో కార్టిసాల్ అనే ఒత్తిడి హార్మోను దిగదు. ఏళ్ల తరబడి అలా ఉంటే బీపీ, షుగరు వచ్చే ముప్పు పెరుగుతుంది.

అది గ్రేడుల దేశం. మనది కులాల దేశం. మన దేశంలో దళిత స్త్రీ అగ్రకుల స్త్రీ కంటే సగటున 14.6 ఏళ్లు ముందే చనిపోతోందని ఐక్యరాజ్యసమితి మహిళా విభాగం 2018లో చెప్పింది. పద్నాలుగున్నర ఏళ్లంటే మనవరాలి పెళ్లి చూడటమో చూడకపోవడమో. ఇల్లు అద్దెకి అడిగితే ‘‘మీరేమిట్లు?’’ అనే ఓనరు, మిర్చి ముచ్చికలు తీసి తీసి దగ్గుతో ఓపీకి వస్తే ‘‘ముక్కుకి గుడ్డ కట్టుకోవచ్చుగా నువ్వు’’ అని విసుక్కునే సిస్టరు, వీళ్లంతా ఆ ఏళ్లలో తలా కాస్త కోసుకుంటున్నారు.

అసలు నా కోపం ఆ ‘నువ్వు’ మీద. ఇంగ్లీషులో చిన్నా పెద్దా అందరికీ ఒకటే ‘యూ’. అయినా అక్కడ గుండెలు ఆగాయి. మన తెలుగులో ఆ మెట్లు క్రియాపదంలోనే కట్టి ఉన్నాయి: రా, రావమ్మా, రండి, దయచేయండి. నోరు తెరిస్తే చాలు, ఎవరు ఏ మెట్టు మీదున్నారో తెలిసిపోతుంది. భాష గొప్పదని సభలు పెట్టుకుంటాం, శాలువాలు కప్పుకుంటాం. ఆస్పత్రి కౌంటర్లో మాత్రం ఆ భాషని కర్రలా వాడతాం. ఓపీకొచ్చే ప్రతి మనిషినీ ‘మీరు’ అనాలని సర్కారు ఒక్క జీవో తీస్తే పైసా ఖర్చు లేదు. ‘నువ్వు’లో ఆప్యాయత ఉందంటారా? ఆ ఆప్యాయత కలెక్టరు గారి అమ్మ వచ్చినప్పుడు చూపించండి.

నేను చీటీ తీసుకుని బయటికొచ్చేసరికి ఆవిడ మందుల షాపు ముందు ఉంది. నెల రోజులకి రాస్తే పది బిళ్లలే అడిగింది. షాపతను కత్తెరతో స్ట్రిప్పు కత్తిరిస్తూ, తలెత్తకుండానే, ‘‘చిల్లరుందా నీ దగ్గర?’’ అన్నాడు.