ఆ చెట్టు మొద్దు అలంకారం కాదండీ

డోరిఫోరోస్ అంటే ఈటె పట్టుకున్న యువకుడి ప్రాచీన గ్రీకు విగ్రహం. దాని కాలి పక్కనున్న చెట్టు మొద్దుని గ్రీకు శిల్పి సరదాగా పెట్టాడని ఈ విగ్రహం గురించిన మీ వ్యాసంలో రాశారు. కాదు. పోలిక్లైటోస్ అనే ఆ శిల్పి క్రీ.పూ. 440 ప్రాంతంలో చేసింది కంచు విగ్రహం, అది ఇప్పుడు లేదు. నేపుల్స్ మ్యూజియంలో ఉన్నది పాంపేలో దొరికిన రోమన్ పాలరాతి నకలు, ఎత్తు 2.12 మీటర్లు. కంచు విగ్రహం లోపల బోలు, కాళ్ల మీదే నిలబడుతుంది. పాలరాయి ఘనమీటరుకి 2.7 టన్నులు, పైగా వంగే ఒత్తిడికి ఆగదు, చీలమండ దగ్గర పుటుక్కున విరుగుతుంది. అందుకే మొద్దు. కుడి మణికట్టుకీ తుంటికీ మధ్య వదిలిన రాతి ముక్క కూడా అందుకే.

వ్యాసంలోని ఫొటో పెద్దది చేసి నడుము చూడండి. బరువంతా కుడికాలి మీద, ఆ వైపు తుంటి లేచింది, భుజం దిగింది, ఎడమ మడమ గాల్లో ఉంది. అంతకుముందటి కూరోస్ విగ్రహాల్లో (నిటారుగా నిలబడ్డ యువకుల గ్రీకు విగ్రహాలు) ఎడమకాలు ముందుకేసినా తుంటి మాత్రం కదలదు!